మా ఇంటాయన ఎవరని కోర్టువాళ్ళడిగారు

ఇట్రండే పిల్లలూ, ఇంకాస్త దగ్గరికి జరగండి. నాకు మిగిలినవి నాలుగు పళ్ళు. మీరు అంత దూరాన కూచుంటే సగం మాటలు గాలికే పోతాయి. ఒరేయ్ చంటీ, ఆ ఫోను బోర్లా పెట్టు. అది వినక్కర్లేదు, నువ్వు వింటే చాలు.

మీ అమ్మకి అప్పుడు పదేళ్ళు. మేం సున్నపు బట్టీ వీధిలో అద్దెకుండేవాళ్ళం. రెండు గదులు, వెనక వంటపంచ, పైన డాబా. ఆ డాబా గురించే చెప్పాలి అసలు. పొద్దున ఏడింటికి ఎండ పడితే సాయంత్రం ఐదింటిదాకా కదిలేది కాదు. నేను మినపప్పడాలు చేసి అమ్మేదాన్ని కదా, గుమ్మడి వడియాలూ, చల్ల మిరపకాయలూ కూడాను. పాత పంచెలు పరిచి, నాలుగు మూలలా రాళ్ళు పెట్టి, కాకులు రాకుండా నల్ల గొడుగు ఒకటి తెరిచి పెట్టేదాన్ని. మీ తాతయ్య కుట్టుమిషను మీద వచ్చేది ఆయన బీడీలకీ, టీ నీళ్ళకీ సరిపోయేది. ఇల్లు నడిచింది ఆ డాబా మీద ఎండతోటే.

ఇల్లు శేషావతారంగారిదని అందరం అనుకునేవాళ్ళం. ఆయనది కొబ్బరిపీచు వ్యాపారం, రెండు వీధుల అవతల లంకంత ఇల్లు. ఓ రోజు వచ్చి గుమ్మంలో నుంచున్నాడు. చొక్కానిండా పీచే.

"అచ్చాయమ్మా, ఇల్లు ఖాళీ చెయ్యాలి. నా స్వంత వాడకానికి కావాలి."

"అంత ఇల్లుండగా ఇక్కడికొచ్చి ఉంటారేంటండీ బాబూ?"

"నేను కాదు, పీచు ఉంటుంది."

"పీచుకి వంటపంచ ఎందుకండీ?"

"నీకు సమాధానాలు చెప్పుకోడానికి రాలేదు. కోర్టు కాగితం వస్తుంది, చూసుకో" అని వెళ్ళిపోయాడు.

ఊరంతా తిరిగాను. పెంకుటిళ్ళు దొరికాయి, రేకులిళ్ళు దొరికాయి. డాబా ఉన్న ఇల్లు ఒక్కటీ దొరకలేదు. పెంకుల మీద అప్పడాలు ఎండబెడతామా? కాగితం వచ్చిన రోజు పిండి కలిపి కూడా అప్పడం వత్తలేకపోయాను. మీ తాతయ్య మాత్రం "కోర్టంటే ఏళ్ళు పడుతుందే" అని కునుకు తీశారు.

అద్దె తగాదాలు చూసే కోర్టుకి అప్పుడే ఓ కొత్త అధికారి వచ్చాడు, సర్వోత్తమరావుగారని. పచ్చగా, పొట్టిగా, కళ్ళజోడు ముక్కు కొసన పెట్టుకుని ఉండేవాడు. ఆ ఏడే పైనుంచి ఓ హుకుం వచ్చిందట, ఆఫీసుల్లో ఇంగ్లీషు ముక్కలు తీసేసి జనం మాట్లాడుకునే మాటలే వాడాలని. మంచిదేగా? నాలాంటి దానికి అర్థమవుతుంది. పన్నెండుమంది పెద్దలు కూచుని ఏ ఇంగ్లీషు మాటకి ఏ తెలుగు మాటో ఒక పట్టిక రాశారు. దాని పేరు జనవాక్కు పట్టిక. మిగతా ఊళ్ళలో ఆ పుస్తకాన్ని బీరువా కాలు కింద ఎత్తుకి పెట్టుకున్నారు. సర్వోత్తమరావుగారు మాత్రం కళ్ళకద్దుకుని చదివాడు.

ఆ పట్టిక ప్రకారం పిటిషను అనకూడదు, మొర అనాలి. అడ్జర్నుమెంటు అనకూడదు, మళ్ళీ రండి అనాలి. ప్లీడరు అంటే మాటకారి. ఇల్లు ఖాళీ చేయించడం అంటే గెంటుట. అద్దెకిచ్చిన యజమాని అంటే ఇంటాయన.

నేను మొదటిసారి బోనెక్కాను. ప్రమాణం చేయించి, ఆ అధికారి నన్నడిగాడు.

"అమ్మా, నిజము చెప్పవలెను. మీ ఇంటాయన ఎవరు?"

ఏం ప్రశ్నే ఇది! ఇంతమందిలో? సిగ్గేసింది. తల వంచుకుని, గోడవార బల్ల మీద కూచుని తూగుతున్న మీ తాతయ్యని చూపించాను. "అరుగోనండి, ఆయనే."

శేషావతారంగారి ప్లీడరు గవరయ్య ఎగిరిపడ్డాడు. "అయ్యా, ఆవిడ చూపించింది మొగుణ్ణి!"

"మాటకారిగారు కూర్చోవలెను" అన్నాడు అధికారి. "నేను అడిగినది జనవాక్కు. ఆమె చెప్పినది జనవాక్కు. మధ్యన తమ వాక్కు అనవసరము. అమ్మా, ఆయన పేరు?"

మొగుడి పేరు ఎలా చెప్తామే? మా రోజుల్లో నాలుక తెగిపోయినా చెప్పేవాళ్ళం కాదు. "చిన్న అంటే ఇంకో మాట ఉందిగదండీ, దాని తరవాత అబ్బాయి" అన్నాను. గుమాస్తా బుర్ర గోక్కుని గోక్కుని చివరికి 'ఆయన' అని రాసుకున్నాడు. ఆ రోజు ఉత్తర్వులో ఏముందో తెలుసా? సున్నపు బట్టీ వీధిలోని ఇంటికి ఇంటాయన 'ఆయన' అని కాపురమున్న స్త్రీ ప్రమాణపూర్వకముగా తెలిపినందున, శేషావతారం అను వ్యక్తి ఇంటాయన కాదని ప్రాథమికముగా తేలినది. మళ్ళీ రండి.

గవరయ్య పరుగున వెళ్ళి, ఇంటి పన్ను రశీదులు తెచ్చి బల్లమీద పోశాడు. అధికారి ఒక్కటి తీసి వెలుతురుకి పట్టి చూసి, "దీనిలో ఎచ్చటను ఇంటాయన అను పదము లేదు" అని వెనక్కి నెట్టాడు.

ఈ కబురు సాయంత్రానికి ఊరంతా పాకింది. మర్నాటినుంచీ మగాళ్ళ నడక మారిపోయింది. అద్దె ఇళ్ళలో ఉన్న ప్రతి మొగుడూ ఇంటాయనే కదా మరి! పెళ్ళాం ఒక్కమాట చెప్తే చాలు. మా ఎదురింటి సుందరమ్మ మొగుడు ఏనాడూ చెంబెడు నీళ్ళు ముట్టినవాడు కాదు. అలాంటివాడు కుళాయి దగ్గర బిందెలు పట్టుకుని నుంచున్నాడు. "కోర్టులో నా గురించి మంచిగా చెప్పవే సుందరీ" అంటున్నాడు. అదేమో, "చూద్దాంలే, నీ ప్రవర్తనని బట్టి" అంటోంది.

మరో పక్క రత్నమ్మ టీచరు. పాపం మొగుడు పోయి ఆరేళ్ళయింది. సొంత జీతంతో కట్టుకున్న ఇల్లు, వెనక వాటా అద్దెకిచ్చుకుంది. ఆవిడ తలుపుకి కోర్టువాళ్ళు కాగితం అంటించారు. 'ఈ ఇంటికి ఇంటాయన లేనట్లు తెలియవచ్చినది. ఉన్నచో పదిహేను దినములలో హాజరు కావలెను.' నాలుగు రోజుల్లో ముగ్గురు మగాళ్ళు హాజరయ్యారు! అందులో ఒకాయనకి డెబ్బై రెండేళ్ళు, నడవలేక రిక్షాలో వచ్చాడు. రత్నమ్మ ఏం చేసిందనుకున్నారు? ముగ్గురినీ గుమ్మంలో వరసగా నిలబెట్టి పదమూడో ఎక్కం అడిగింది. ఒక్కడూ చెప్పలేదు. తలుపు మీద కాగితం చింపి, అందులోనే సంతలో మెత్తళ్ళ చేపలు చుట్టించుకుని తెచ్చుకుంది.

మీరు నవ్వుతున్నారు గానీ నాకు నవ్వు రాలేదు. గవరయ్య ఊరుకునే మనిషి కాదు. "సరే, ఆవిడ మొగుడు బుల్లెబ్బాయే ఇంటాయన అనుకుందాం. వెళ్ళి విచారించండి, అతనే ఒప్పుకుంటాడో లేదో" అని కోర్టులో పట్టుబట్టాడు. దాంతో కోర్టు కాగితాలు పట్టుకు తిరిగే అమీను దాలయ్య మా ఇంటికి విచారణకొచ్చాడు.

ముందురోజే మీ తాతయ్యకి చెప్పాను. "ఎవరొచ్చి అడిగినా నేనే ఇంటాయన్నని చెప్పండి. అంతే. ఇంకో ముక్క మాట్లాడకండి."

"అంతేగా" అన్నారు.

దాలయ్య వచ్చాడు, అరుగుమీద కూచున్నాడు, మజ్జిగ తాగాడు, పుస్తకం తెరిచాడు. "ఏమండీ, ఈ ఇంటికి ఇంటాయన మీరేనా?"

మీ తాతయ్య ఓసారి నావేపు చూశారు. నేను తల ఊపాను. ఆయన గొంతు సవరించుకున్నారు.

"ఏమోనండి. మా ఆవిణ్ణి అడిగి చెప్తాను."

నా ప్రాణం ఉసూరుమంది. దాలయ్య రాసుకున్నాడు. "పోనీ, ఇంట్లో బియ్యం ఎక్కడుంటాయి?"

"మా ఆవిణ్ణి అడగండి."

"ఇంటి తాళం చెవి?"

"ఆవిడ బొడ్లో ఉంటుందండి."

"మరి మీరు తెలిసి చెప్పేదేమన్నా ఉందా ఈ ఇంట్లో?"

"ఆ మడత మంచం నాదేనండి" అన్నారు, చాలా నమ్మకంగా.

దాలయ్య రిపోర్టులో ఒకే ఒక వాక్యం రాశాడు. 'ఇంటాయన తాను ఇంటాయన అవునో కాదో ఇంట్లో అడిగి చెప్పెదననెను.' అది విని సర్వోత్తమరావుగారు నిట్టూర్చాట్ట. "జనవాక్కులో వైరుధ్యము తలెత్తినది. ఎవరి భార్య వచ్చి ఎవరిని నిస్సంకోచముగా చూపునో, అట్టి ఇంటాయనకే ఇల్లు చెందును. కొత్తగా మొర పెట్టుకొనవలెను. మొర ఎంత వాడుక తెలుగులో ఉన్నచో అంత మంచిది" అని ఉత్తర్వు ఇచ్చాడు.

గవరయ్యకి కావలసింది అదే. శేషావతారంగారి భార్య మాణిక్యాంబగారిని తీసుకొచ్చి బోనెక్కించి "మా ఇంటాయన ఈయనే" అనిపిస్తే మా పని అయిపోయినట్టే. ఆవిడ గట్టి మనిషి. గొంతెత్తితే వీధి చివర ఎద్దులు ఆగేవి. నేను అప్పడాల కర్ర గోడకి ఆనించి, పెట్టెలు సర్దడం మొదలెట్టాను. మీ అమ్మ డాబా ఎక్కి కూచుని, దిగనని ఏడుపు.

ఆ రోజు కోర్టు కిటకిటలాడింది. ఇంటాయనలూ, కాబోయే ఇంటాయనలూ అందరూ వచ్చారు. మాణిక్యాంబగారు ముదురాకుపచ్చ పట్టుచీర కట్టుకుని ముందు బెంచీలో కూచుంది. ఏ ఇల్లు, ఏ కేసు అన్నది ఆవిడకి చెప్పలేదట. "వచ్చి నన్ను చూపించి పోవే, రెండు నిమిషాల పని" అన్నాట్ట మొగుడు.

గుమాస్తా లేచి కొత్త మొర గట్టిగా చదివాడు. గవరయ్య పదిరోజులు కూచుని, ఇంగ్లీషు అక్షరం తగలకుండా, అచ్చం జనం మాటల్లో రాసిందది. నాకు ఇప్పటికీ పొల్లు పోకుండా గుర్తుంది.

"అయ్యా, నా మొర ఏమనగా. నేను పెళ్ళి చేసుకుని ఒక ఇంటివాడినైతిని."

అధికారి చెయ్యెత్తాడు. "ఆగుము. పెళ్ళాడినవాడు ఒక ఇంటివాడగునని జనవాక్కు కలదు. కావున పెళ్ళి శుభలేఖ ఇంటి దస్తావేజుతో సమానము. అయితే 'ఒక' ఇంటివాడు అనుటచే ఒక పెళ్ళికి ఒక ఇల్లే సిద్ధించును. రెండవ ఇంటికి ఆధారమేమి?"

"ఉందండి, తరవాతి వాక్యంలోనే ఉంది" అన్నాడు గవరయ్య, గర్వంగా.

గుమాస్తా చదివాడు. "దేవుడి దయవల్ల నాకు పెద్దిల్లు ఒకటి, చిన్నిల్లు ఒకటి కలవు."

కోర్టులో జనం ఒకళ్ళ మొహాలు ఒకళ్ళు చూసుకున్నారు. గుమాస్తాకి తల ఎత్తే అలవాటు లేదు, చదువుకుపోతున్నాడు.

"నేను పెద్దింట్లోనే ఉండుచున్నాను. చిన్నిల్లు పదకొండేళ్ళుగా బుల్లెబ్బాయి అనువాని చేతిలో ఉన్నది. ఇప్పుడు నాకు అవసరం పడినది. కావున అతనిని గెంటి, చిన్నిల్లు నా స్వంత వాడకానికి ఇప్పించ వేడుకొనుచున్నాను."

ఒసేయ్, కోర్టులో ఉన్న తలలన్నీ ఒక్కసారి నావేపు తిరిగాయే! భూమి చీలితే బాగుండుననుకున్నాను. లేచి నుంచుని, ఎక్కడున్నానో కూడా మరిచిపోయి అరిచాను. "అయ్యా! చిన్నిల్లంటే ఇల్లండీ! నేను కాదు!"

అప్పుడు లేచారే మీ తాతయ్య. కునుకూ గినుకూ అన్నీ ఎగిరిపోయాయి. "ఎవడ్రా మా ఆవిణ్ణి వాడకానికి ఇప్పించమంటున్నది?" అని బల్ల దాటి శేషావతారంగారి మీదకి పోబోయారు. నలుగురు పట్టుకున్నారు. పన్నెండేళ్ళ కాపురంలో ఆయన అంత గట్టిగా మాట్లాడగా నేను వినడం అదే.

ముందు బెంచీలో మాణిక్యాంబగారి ముక్కుపుడక అదురుతోంది.

అధికారికి ఇదేమీ పట్టలేదు. పెన్ను మూత తీసి శేషావతారంగారిని విచారించడం మొదలెట్టాడు. "చిన్నిల్లు ఎవరి ద్వారా సంక్రమించినది?"

ఆయనకి చెమటలు పోస్తున్నాయి. ప్రశ్న ఒక్కటే వినపడుతోంది, వెనక గుసగుసలు వినపడటంలేదు. "మా మామగారి ద్వారానండి."

"భార్యకు తెలిసియే జరిగినదా?"

"ఆవిడే దగ్గరుండి పాలు పొంగించిందండి."

జనం కుర్చీల్లోంచి జారిపోతున్నారు.

"మరి ఇన్నేళ్ళు పరాయివాని చేతిలో ఎందుకు ఉంచితిరి?"

"ఊరికే ఖాళీగా ఎందుకని ఇచ్చానండి. కాస్త గోడలు ఉబ్బాయి గానీ, సున్నం కొట్టిస్తే మళ్ళీ కళకళ్ళాడుతుందండి."

అప్పుడు లేచింది మాణిక్యాంబగారు. నేరుగా బోను దగ్గరికొచ్చింది. "మా నాన్న నీకు చిన్నిల్లు పెట్టించాడా? నేను పాలు పొంగించానా? ఎక్కడయ్యా అది? ఏ వీధి?"

"అబ్బా, అది కాదే, సున్నపు బట్టీ వీధిలో... ఇల్లే, మన చిన్న ఇల్లు..."

ఆవిడ ఆగింది. ఆలోచించింది. ఆ ఆలోచన చూసి నాకు మొదటి కోపమే నయమనిపించింది.

"సున్నపు బట్టీ వీధిలో డాబా ఇల్లా? మా నాన్న పసుపుకుంకుమల కింద నాకు రాసిచ్చిన ఇల్లా? కాగితం నా ట్రంకుపెట్టెలో చీరల కింద ఉంది. ఆ ఇంట్లో పీచు వెయ్యడానికి నన్నడక్కుండా కోర్టుకెక్కావా? ఏమయ్యా కోర్టాయనా, ఆ ఇంటికి ఈయన ఇంటాయన ఎట్లా అవుతాడు?"

సర్వోత్తమరావుగారు కళ్ళజోడు సర్దుకున్నాడు. "అమ్మా, తమరు ఏ హోదాలో మాట్లాడుచున్నారు?"

"ఏ హోదా ఏమిటి? ఆ ఇంటావిణ్ణి!"

ఆయన పట్టిక తెరిచాడు. వేలు పెట్టి కిందకి వెతికాడు. పేజీ తిప్పాడు. మళ్ళీ వెనక్కి తిప్పాడు. ఆ చివర ముద్రారాక్షసాల పట్టిక కూడా చూశాడు.

"ఇంటాయన కలదు. ఇంటికప్పు కలదు. ఇంటిదొంగ కూడ కలదు. ఇంటావిడ అను పదము పట్టికలో లేదు."

"లేకపోతే?"

"కావున చట్టము దృష్టిలో తమరు ప్రస్తుతము లేరు."

"నేను లేకపోతే ఇంతసేపూ నీ ఎదురుగా అరుస్తున్నదెవరు?"

"అదియే నేను పన్నెండుమంది పెద్దలకు రాసి స్పష్టత కోరవలసి ఉన్నది" అన్నాడాయన, ఎంతో వినయంగా. "వారు ఇంటావిడను సృష్టించువరకు ఎవరిని ఎవరును గెంటరాదు. మళ్ళీ రండి."

రాశాడట కూడా. పెద్దలు కూచున్నారట. ఇంటావిడ అనాలా, ఇల్లాలు అనాలా, ఇంటామె అనాలా అని మూడు ముఠాలయ్యారట. ఒక పెద్దాయన ఇంటాయనమ్మ అన్నాడట. ఇప్పటిదాకా తేలలేదు. సర్వోత్తమరావుగారు రిటైరయ్యాడు, పైకి కూడా పోయాడు. ఆ కాగితం మాత్రం ఇంకా తిరుగుతూనే ఉందంటారు.

అది పక్కన పెట్టండి. కోర్టు మెట్ల దగ్గర ఏం జరిగిందో వినండి. మాణిక్యాంబగారు నన్ను చెయ్యి పట్టి ఆపింది.

"ఎన్నాళ్ళబట్టి ఉంటున్నావే?"

"పదకొండేళ్ళండి అమ్మగారూ."

"గోడలు ఉబ్బాయటగా?"

"వంటపంచవేపు ఓ మూలండి. డాబా మాత్రం నిక్షేపంలా ఉందండి. పొద్దు వాలేదాకా ఎండ వదలదు."

"మరి పెట్టెలు సర్దుతున్నావని చెప్పారు?"

"మీ ఆయన వెళ్ళమన్నారు కదండీ."

"నా ఇంట్లోంచి వెళ్ళమనడానికి ఆయనెవరు? పెట్టెలు విప్పుకో, ఉండు. ఎన్నేళ్ళైనా ఉండు." అని వెనక్కి చూసింది. శేషావతారంగారు పది అడుగుల దూరంలో చెప్పులు చేత్తో పట్టుకుని నుంచున్నాడు. "ఒక్కటే షరతు. ఇంతమంది మధ్య అది తన చిన్నిల్లని ఈయన నోటితోనే ఒప్పుకున్నాడు. రేపట్నించి ఆ గుమ్మం తొక్కాడంటే ఊరు ఏమంటుందో నీకూ తెలుసు, నాకూ తెలుసు. ఆ వీధిలో ఈయన నీడ కూడా పడకూడదు."

పడలేదే పిల్లలూ! ఆ తరవాత నేను ఆ డాబా మీద పంతొమ్మిదేళ్ళు అప్పడాలు ఎండబెట్టాను. పీచు బళ్ళు కాలవకి పోవాలంటే మా వీధే దగ్గర దారి. బళ్ళు మా గుమ్మం ముందునుంచే పోయేవి. వాటి యజమాని మాత్రం చేపల బజారు చుట్టూ తిరిగి, అవతల చివర వాటిని కలుసుకునేవాడు. వానాకాలంలో కూడా.

ఇంక మీరు దీన్ని గుర్తుపెట్టుకోవాలి. రేపు మీకూ పిల్లలు పుడతారు, అద్దె ఇళ్ళలో ఉంటారు, ఎవడో ఒకడు వచ్చి గుమ్మంలో నుంచుని స్వంత వాడకం అంటాడు. అప్పుడు వాళ్ళని కూచోబెట్టి ఇది చెప్పండి. నా పేరు చెప్పకపోయినా ఫరవాలేదు, మాణిక్యాంబగారి పేరు తప్పకుండా చెప్పండి. గుమాస్తా మొర చదివే చోట గబగబా పోనివ్వకండేం? 'చిన్నిల్లు ఒకటి కలవు' అని, కాస్త ఆగండి. వినేవాళ్ళు పూర్తిగా నవ్వుకోనిచ్చి, అప్పుడు తరవాతి ముక్క ఎత్తండి.